కిహాన్సీ తుంపర కప్ప

లోకజ్ఞానము లేనివానిని కూపస్థమండూకమని పరిహసించుట మనవారికి అలవాటు. తానున్న నూతినే సకలప్రపంచమని తలచిన కప్ప కథ మన పిల్లలందరు ఎరిగినదే. ఆ కథలోని నూతికంటె కొంచెము పెద్దదియైన తావున మాత్రమే పుట్టి పెరిగి, భూమండలమున మరెక్కడను కానరాని కప్పజాతి యొకటి నిజముగానే కలదు. అది ఆఫ్రికాఖండమునందలి టాంజానియా దేశమునకు చెందినది. దాని స్వస్థానము మొత్తము కలిపి సుమారు రెండు హెక్టారులు, అనగా అయిదెకరముల నేల మాత్రమే. వెన్నెముక గల ప్రాణులలో ఇంత కొద్ది తావునకు కట్టువడినవి మిక్కిలి అరుదు.

ఈ కప్ప మొదటిసారి శాస్త్రజ్ఞుల కంటబడినది 1996లో. పదమూడేండ్లు గడచునప్పటికి, 2009లో, అది స్వస్థానమున అంతరించినదని ప్రకటింపబడెను. మరి మూడేండ్లకు, 2012లో, దానిని తిరిగి స్వస్థానమునకు చేర్చు ప్రయత్నము ఆరంభమయ్యెను. ఒక చిన్న ప్రాణి విషయమున ఇంత స్వల్పకాలములో ఇన్ని సంగతులు జరుగుట విశేషము. మా పిల్లలు తరగతిలో కప్ప జీవితచరిత్రను చదువుచున్నారు. ఇంటివద్ద వారడుగు ప్రశ్నలకు తలిదండ్రులు సమాధానము చెప్పవలసివచ్చును. అట్టివారికి కొంత తోడ్పడునను ఉద్దేశముతో ఈ కప్ప వృత్తాంతమును ఇచట వివరింపబూనితిమి.

జలపాతము, దాని తుంపర

కెన్యా దేశపు దక్షిణభాగమునగల టైటా కొండలు మొదలుకొని టాంజానియాలోని ఉడ్జుంగ్వా పర్వతముల వరకు, విల్లువలె వంగి, ఒకదానికొకటి దూరముగా నిలిచిన ప్రాచీన పర్వతపంక్తి యొకటి కలదు. హిందూమహాసముద్రము మీదినుండి వచ్చు తేమగాలులు ఈ కొండలను తాకి వర్షించును. అందువలన వాని శిఖరములయందు దట్టమైన అడవులు పెరిగినవి. అయితే కొండకును కొండకును నడుమ ఎండిన మైదానములున్నవి. తేమకు అలవాటుపడిన ప్రాణి ఆ మైదానమును దాటి వేరొక కొండకు పోజాలదు. సముద్రమధ్యమున దీవులెట్టివో మైదానమధ్యమున ఈ అడవులు అట్టివి. తరతరములుగా వేరుపడియున్న కారణమున ఒక్కొక్క కొండకు తనవియే యైన చెట్లు, పక్షులు, కప్పలు ఏర్పడినవి.

ఉడ్జుంగ్వా పర్వతముల దక్షిణపుటంచున కిహాన్సీ అను నది పీఠభూమినుండి లోతైన కనుమలోనికి దుముకును. పిదప అది కిలొంబెరో నదిలో గలిసి, ఆ నీటితోపాటు రుఫీజీ నదిద్వారా సముద్రమును చేరును. కనుమలో జలపాతములు ఒకదాని వెనుక నొకటిగా నున్నవి. పైనుండి పడిన నీరు బండలకు తగిలి చిట్లి, రేయింబవళ్లు తుంపరగా లేచి, ప్రక్కనున్న వాలునేలలను తడుపుచుండెడిది. ఆ వాలులమీద పెద్ద చెట్లు నిలువలేదు. వానికి బదులు పచ్చికయు, నాచును పోలిన సెలాజినెల్లా జాతి మొక్కలును మెత్తని పరుపువలె పరచుకొనియుండెను. వానకాలమైనను ఎండకాలమైనను అచటి గాలిలో తేమ తగ్గెడిది కాదు. వేడియు చలియు అంతగా మారెడివి కావు.

మన గ్రామములలో కప్పలు మొయిలు గ్రమ్మినప్పుడు కూయును. వానలు రానియేట కప్పతల్లి నూరేగించి వానను ప్రార్థించు ఆచారము కూడ మనవారిలో కలదు. కిహాన్సీ కప్పకు మేఘముతో పని లేకుండెను. జలపాతమే దానికి మేఘము. ఆ జలపాతపు తుంపర పడినంత మేరయే దాని దేశము.

రూపము, నడవడి

దార్ ఎస్ సలామ్ విశ్వవిద్యాలయమునకు చెందిన కిమ్ హోవెల్ మొదలగు పండితులు ఈ కప్పను పరిశీలించిరి. పాయింటన్, హోవెల్, క్లార్క్, లవెట్ అను నలుగురు 1998లో దానిని శాస్త్రీయముగా వర్ణించి, నెక్టోఫ్రినాయిడీస్ ఆస్పర్జినిస్ అని నామకరణము చేసిరి. లాటిను భాషలో తుంపరకుగల మాటనుండి ఈ పేరు ఏర్పడినది. మేము దీనిని తుంపర కప్ప యనియే వ్రాయుచున్నాము.

వంశమునుబట్టి చూచిన ఇది గోదురుకప్పల కుటుంబములోనిది. వానకాలపు సాయంకాలములందు మన దొడ్లలో బరువుగా గెంతుచు కనబడు మొరటుచర్మపు గోదురుకప్పకు ఇది దూరపు చుట్టము. కాని రూపమున రెండింటికిని పోలికయే లేదు. తుంపర కప్పలలో ఆడుది మిక్కిలి పెరిగినను 2.9 సెంటీమీటర్లకు మించదు. మగది 1.9 సెంటీమీటర్లకు మించదు; రూపాయి బిళ్ళమీద సుఖముగా కూర్చుండగలదు. ఒడలు పసిమివన్నె, ప్రక్కల గోధుమవన్నె చారలు. చూచువారికి పసుపు పూసిన చిన్న బొమ్మవలె కనబడును. దానికి వెలుపలి కర్ణభేరి లేదు. అయినను మగకప్పలు కూయును. ఆకులనడుమ తిరుగు అతిసూక్ష్మములైన పురుగులు, ఈగలు దాని ఆహారము.

తుంపరతడి నిలిచియున్న కాలమున ఈ కప్పలు చిక్కగా వసించుచుండెను. కొన్నిచోట్ల ఒక చదరపు మీటరు నేలలోనే పదునేడింటిని లెక్కించిరి. అయిదెకరములే యైనను ఆ నేల వానికి చాలియుండెను. వేలకొలది కప్పలు అచట తరతరములుగా నిలిచియుండెను.

తోకకప్ప లేని కప్ప

మన పిల్లలు చదువు పాఠములో కప్ప జీవితము మూడు దశలుగా చెప్పబడియుండును. తల్లి నీటిలో గ్రుడ్లు పెట్టును. గ్రుడ్డునుండి తోకయు మొప్పలును గల తోకకప్ప వెలువడి చేపవలె నీటిలో ఈదును. పిదప దానికి కాళ్ళు మొలచి, తోక కరిగి, అది నేలమీదికి వచ్చును. మన గోదురుకప్ప ఒక్క మారుగా వేలకొలది గ్రుడ్లను పొడవైన జిగురుతీగలవలె నీటిలో విడుచును. వానిలో అధికభాగము చేపలపాలును పురుగులపాలును అగును. తల్లి వానివంక మరల చూడదు.

తుంపర కప్ప ఈ పాఠమునకు లోబడదు. అది నీటిలో గ్రుడ్లు పెట్టదు, పిల్లలను కనును. గ్రుడ్లు తల్లి కడుపులోనే ఫలించి, అచటనే పొదగబడును. తోకకప్ప దశ తల్లిగర్భమునందే గడచిపోవును. తల్లి ఉదరచర్మము పలుచనిదగుటచే లోపల పెరుగుచున్న పిల్లలు పలుమారు వెలుపలికి కనబడుచుండును. ఒక కాన్పునకు 5 మొదలు 16 వరకు పిల్లలు పుట్టును. పుట్టిన పిల్ల పొడవు సుమారు 5 మిల్లీమీటర్లు, పెసరగింజంత యనవచ్చును. అయినను కాళ్ళు, కన్నులు అన్నియు అమరిన పూర్తి కప్పగానే అది లోకమును చూచును. పుట్టినప్పుడు దాని వన్నె ముదురుగా నుండి, పెరిగినకొలది పసిమి తేరును.

ప్రకృతిలో ఇట్టి యేర్పాటు ఏల కలిగెనని అడుగవచ్చును. జలపాతము ప్రక్కనున్న నిటారు వాలుమీద నీరు సమృద్ధిగా నున్నను, నిలుకడగా నున్న మడుగు లేదు. అచట గ్రుడ్లు విడిచినయెడల ప్రవాహము వానిని కొట్టుకొనిపోవును. అట్టి తావులో పిల్లలను కడుపున మోయుట తల్లికి క్షేమకరమైన మార్గము. నిజమునకు ఈ కప్ప బంధువులైన టాంజానియా కొండకప్పలు మరికొన్ని కూడ ఈ విధముగనే పిల్లలను కనును. పశ్చిమాఫ్రికాలోని నింబా పర్వతములందు నివసించు వేరొక చిన్న గోదురుకప్ప ఇంకొక మెట్టు పైకెక్కినది. తుంపర కప్ప పిల్లలు కడుపులోనున్నంత కాలము గ్రుడ్డులోని సొన మీదనే బ్రతుకును. నింబా కప్ప తన శరీరమునుండి స్రవించు పదార్థముతో గర్భమునందలి పిల్లలను సుమారు తొమ్మిది నెలలు పోషించును. ప్రపంచమునందలి వేలాది కప్పజాతులలో పిల్లలను కనునవి బహుకొద్ది. వానిలో పెక్కు ఆఫ్రికా కొండలలోనే యున్నవి.

ఆనకట్ట వచ్చుట

1990 నాటి దశాబ్దమున టాంజానియాలో విద్యుచ్ఛక్తి కొరత తీవ్రముగా నుండెను. వైద్యశాలలకు, కర్మాగారములకు, పట్టణములకు కావలసినంత విద్యుత్తు లేక పంపిణీని తగ్గింపవలసివచ్చెను. కిహాన్సీ నది కొద్దిదూరములో సుమారు 850 మీటర్లు క్రిందికి దిగుచున్నది. నీరెంత యెత్తునుండి పడిన అంత శక్తి చేకూరును. కావున 25 మీటర్ల యెత్తుగల ఆనకట్టతో నదిని మళ్ళించి, సొరంగమున దించి, 180 మెగావాట్ల విద్యుత్తును తీయవచ్చునని ఇంజనీరులు నిర్ణయించిరి. పెద్ద జలాశయములకువలె వేలకొలది ఎకరముల పొలములు ముంపునకు గురికావు. ఇంతకంటె హాని లేని పథకము దొరుకుట కష్టమని అప్పటికి తోచెను. ప్రపంచబ్యాంకును, కొన్ని ఐరోపా దేశముల సంస్థలును ధనసహాయము చేసినవి. ఆ దశాబ్దము నడుమ పనులు ప్రారంభమైనవి.

ఇచట ఒక ముఖ్యవిషయమును గమనింపవలెను. కనుమలోని జీవజాలమును వివరముగా పరిశీలించిన శాస్త్రజ్ఞులు తుంపర కప్పను కనుగొన్న నాటికే ఆనకట్ట పని సాగుచుండెను. ఏది యెంత యెత్తున నిర్మింపవలెనో, ఎంత నీటిని మళ్ళింపవలెనో అంతయు అంతకుముందే నిశ్చయింపబడియుండెను. ఆ కనుమలో ఏమున్నదో చూచుట తరువాతి పనియైనది. లోకమున మరెక్కడను లేని ప్రాణి యొకటి ఆ తుంపరలో నున్నదని తెలియునప్పటికి, ఆ తుంపరను ఆపివేయు యంత్రములు సిద్ధమగుచుండెను.

2000 సంవత్సరమున నదిలోని నీటిలో నూటికి తొంబది పాళ్ళు సొరంగములోనికి మళ్ళింపబడెను. జలపాతము సన్నగిల్లెను. తుంపర ఆగిపోయెను. వేలయేండ్లుగా తడిసియున్న వాలునేల కొద్దినెలలలోనే ఆరిపోయెను. తడికి అలవాటుపడిన మొక్కలు ఎండిపోగా, ఆ చోట కలుపు మొక్కలు చొచ్చుకొని వచ్చెను. కప్పల సంఖ్య వేగముగా తగ్గసాగెను.

ఈ సందర్భమున ఎవరిని దూషించుటయు మా ఉద్దేశము కాదు. దీపము లేని ఇంట పిల్లవాడు చదువుకొనజాలడు. విద్యుత్తు లేని వైద్యశాలలో శస్త్రచికిత్స జరుగదు. టాంజానియా ప్రజలకు విద్యుత్తు అక్కర లేదని దూరమున కూర్చుండి పలుకుట న్యాయము కాదు. అదే సమయమున, ఒకసారి పోయిన జాతి యెన్ని మెగావాట్ల విద్యుత్తు పెట్టినను తిరిగి రాదనుటయు సత్యమే. ఈ రెండు సత్యములను ఒకే తక్కెడలో తూచవలసివచ్చుటయే అచటివారికి ఎదురైన కష్టము.

కృత్రిమమైన తుంపర

టాంజానియా అధికారులును శాస్త్రజ్ఞులును కలసి ఒక ఉపాయము పన్నిరి. కొండపై వాగుల నీటిని గొట్టములద్వారా దించి, సన్నని రంధ్రములు గల చిమ్ముగొట్టములనుండి వాలునేలపై చల్లు ఏర్పాటు చేసిరి. దీనికి యంత్రశక్తి అక్కరలేదు. పల్లమునకు పారు నీటి వేగమే చాలును. 2001 తొలినెలలకు ఈ ఏర్పాటు పూర్తియయ్యెను. నదిలో కొంత నీటిని సహజమార్గముననే విడుచుటకును నిశ్చయించిరి.

ఈ ప్రయత్నము ఫలించినట్లే కనబడెను. పచ్చదనము కొంత తిరిగి వచ్చెను. కప్పలు మరల వృద్ధిపొందెను. 2003 జూన్ నెలలో వేసిన లెక్కలో వాని సంఖ్య 20,989 అని అంచనా వేసిరి. అంతకుముందెన్నడును అంత సంఖ్య లెక్కకు వచ్చియుండలేదు. ఆపద గడచినదని అందరు ఊపిరి పీల్చుకొనిరి.

రెండు నెలలు గడచినవి. ఆగస్టులో వెదకగా సుమారు నలుబది కప్పలు మాత్రమే కనబడెను. 2004 జనవరిలో వెదకినవారికి మూడు కప్పలు కంటబడెను; మరి రెండు మగకప్పల కూత వినబడెను. ఇరువది వేల కప్పలుండిన వాలున మిగిలిన ధ్వని అంత మాత్రమే.

ఇంత స్వల్పకాలమున ఇంతటి వినాశనమునకు కారణమేమి? చచ్చిన కప్పల చర్మమును పరీక్షింపగా కిట్రిడ్ అను ఒక సూక్ష్మమైన శిలీంధ్రము, అనగా బూజుజాతి జీవి, కానవచ్చెను. దీనిని శాస్త్రజ్ఞులు 1999లో వర్ణించి పేరుపెట్టిరి. ఇది కప్పల చర్మమునకు పట్టు రోగము. కప్ప చర్మము మన చర్మమువంటిది కాదు. కప్ప చర్మముతోనే నీటిని త్రాగును; కొంత ఊపిరికూడ చర్మముతోనే తీసికొనును; శరీరములోని లవణముల పాళ్ళను సరిచూచుకొనుట కూడ చర్మము పనియే. ఈ శిలీంధ్రము పట్టిన చర్మము ఆ పనులను చేయజాలదు. రక్తములోని లవణములు తగ్గి, తుదకు గుండె ఆగిపోవును. ప్రపంచమంతటను ఈ తెగులు చేసిన హానిని గూర్చి 2019లో ప్రకటింపబడిన ఒక పరిశోధన, 501 ఉభయచర జాతులు దీనివలన క్షీణించినవనియు, వానిలో 90 జాతులు అంతరించినట్లు తలచవలసియున్నదనియు తేల్చినది.

కిహాన్సీకి ఈ రోగము ఎట్లు వచ్చెనో నిర్ధారణ కాలేదు. కనుమలోనికి వచ్చిపోవు మనుష్యుల పాదరక్షలతోను, పనిముట్లతోను వచ్చియుండునని కొందరు భావించిరి. ఇంకొక సంగతికూడ బయటపడెను. 2003లోనే ఆనకట్ట అడుగున పేరుకొన్న బురదను వెళ్ళగొట్టుటకు తూములెత్తి నీటిని విడిచిరి. ఆ బురదలో, ఎగువ పొలములయందు చల్లిన పురుగుమందుల అవశేషములున్నవని తెలియవచ్చెను. రోగమొక్కటియే చంపెనో, పురుగుమందు కప్పల బలమును ముందుగానే తగ్గించెనో శాస్త్రజ్ఞులలో చర్చ కలదు. తుంపరను మాత్రము తిరిగి కల్పించిన చాలునని తలచుట పొరపాటని అందరును అంగీకరించిరి. సహజమైన జలపాతము నీటినే కాక, గాలిని, చల్లదనమును, శుభ్రతను కలిపి ఇచ్చుచుండెను. గొట్టము నీటిని మాత్రమే ఇచ్చెను.

2009లో ప్రకృతిసంరక్షణకై ఏర్పడిన అంతర్జాతీయ సంఘము ఈ కప్పను స్వస్థానమున అంతరించిన జాతిగా ప్రకటించెను.

దూరదేశమున కాపాడుట

స్వస్థానమున అంతరించినను కప్ప పూర్తిగా అంతరింపలేదు. నదిని మళ్ళించిన ఏడాదియే, 2000 చివరిలో, టాంజానియా ప్రభుత్వపు అనుమతితో 499 కప్పలను పట్టి అమెరికాకు తీసికొనిపోయియుండిరి. న్యూయార్కు నగరములోని బ్రాంక్సు జంతుప్రదర్శనశాలవారు ఈ పనికి పూనుకొనిరి. ఒకచోట ఆపద వచ్చినను మరొకచోట నిలుచునను తలంపుతో వానిని ఆరు జంతుప్రదర్శనశాలలకు పంచిరి.

మొదటి సంవత్సరములు దుస్సహముగా గడచినవి. ఈ కప్పను ఇంతకుముందెవ్వరును పెంచియెరుగరు. పరాన్నజీవులు, అంటురోగములు, పోషణలోపము ఒకదానివెంట నొకటి వచ్చెను. పుట్టిన పిల్లలు బ్రతుకలేదు. 2004 డిసెంబరు నాటికి డెబ్బదికంటె తక్కువ కప్పలు మిగిలెను. అప్పటికి కనుమలో కప్పలు కనబడుట మానినవి. ఒక జాతి యావత్తును కొన్ని గాజుపెట్టెలలో నిలిచియుండిన దినములవి.

పెంపకపువారు నిరాశ చెందలేదు. కప్పకు కావలసిన దేదో ఒక్కొక్కటిగా కనిపెట్టిరి. నీరు నిర్మలమై యుండవలెను, తుంపర నిర్ణీతకాలములందు పడవలెను, గాలి ఆడవలెను. సూర్యకాంతిలోని అతినీలలోహిత కిరణములను ఇచ్చు ప్రత్యేక దీపములు కావలెను. పెసరగింజంత పిల్ల మ్రింగగలిగిన ఆహారము కావలెను గనుక, కంటికి ఆనని పురుగులను, అప్పుడే పొదిగిన కీచురాయి పిల్లలను వేరుగా పెంచవలసివచ్చెను. ఆ పురుగులకు తగిన మేతనిచ్చిన గాని వానిని తిన్న కప్పకు బలము చేకూరదని కూడ తెలిసికొనిరి. క్రమముగా బ్రాంక్సులోను, ఒహాయో రాష్ట్రమునందలి టొలీడోలోను కప్పలు వృద్ధియై, వందలు వేలైనవి.

ఈ కప్ప పరదేశమున నిలిచినది దాని అవసరములను అల్పములని తలపక, దినదినము నెరవేర్చినవారి ఓర్పువలన. ఒక్క దినము తుంపర మరచిన, ఒక్క వారము మేత మారిన, దాని ఫలితము తరువాతి తరమున కనబడెడిది. కొద్దిమంది నడుమ ఒక భాషను నిలుపుకొనుచున్న మనబోటివారికి ఈ ఓర్పు ఎట్టిదో వేరుగ చెప్పనక్కరలేదు.

తిరుగుప్రయాణము

2010 ఆగస్టులో బ్రాంక్సు, టొలీడో జంతుప్రదర్శనశాలలనుండి నూరు కప్పలను విమానములో టాంజానియాకు పంపిరి. దార్ ఎస్ సలామ్ విశ్వవిద్యాలయమున వానికొరకు ఒక పెంపకశాల నిర్మింపబడియుండెను. టాంజానియా యువకులు ఈ విద్యలో తర్ఫీదు పొంది ఆ శాలను నడపసాగిరి. కనుమనుండి తెచ్చిన మన్నుతోను మొక్కలతోను కప్పలను కలిపియుంచి, రోగము సోకునో సోకదో పరీక్షించిరి. తృప్తికరముగా తోచినపిమ్మట 2012లో కప్పలను కనుమలో విడిచిరి. స్వస్థానమున అంతరించినదని ప్రకటింపబడిన ఉభయచర జాతిని తిరిగి అదే తావున విడుచుట ప్రపంచమున అది మొదటిసారి. తరువాతి సంవత్సరములలోను పలుమారు ఇట్లే విడిచిరి.

ఇంతటితో కథ సుఖాంతమైనదని పిల్లలకు చెప్పుట సరికాదు. విడిచిన కప్ప నాలుగు దినములు బ్రతికిన మాత్రమున జాతి నిలిచినట్లు కాదు. అది అచటనే పెరిగి, పిల్లలను కని, ఆ పిల్లలు మరల పిల్లలను కని, ఏటేట పెంపకశాలనుండి తేనక్కరలేనంతగా వృద్ధి కావలెను. కిట్రిడ్ శిలీంధ్రము ఒకసారి ప్రవేశించిన చోటునుండి దానిని తుడిచివేయు సాధనము లేదు. చిమ్ముగొట్టములను ఎల్లకాలము శుభ్రముగా నడుపుచుండవలెను. ఒకనాడు జలపాతము ఉచితముగా చేసిన పనికి నేడు గొట్టములు, కావలివారు, శాస్త్రజ్ఞులు, ధనము కావలసివచ్చెను.

పిల్లల ప్రశ్నకు సమాధానము

ఈ వృత్తాంతమును విన్న పిల్లవాడు తప్పక అడుగు ప్రశ్న యొకటి కలదు: 'గోరంత కప్పకొరకు ఇంత శ్రమ ఏల?' ఈ ప్రశ్నను కసరి త్రోసివేయక నెమ్మదిగా సమాధానము చెప్పవలెనని మా మనవి.

మొదటిది, ఆ కప్ప ఒంటరిగా లేదు. కిహాన్సీ కనుమ అడవిలో ఆ చోటికే ప్రత్యేకమైన అడవి కాఫీజాతి యొకటి కూడ కనుగొనబడినది. ఆ కప్ప కొరకు చూడకపోయిన యెడల ఆ అడవిని ఎవరును అంత శ్రద్ధగా చూచియుండరు. రెండవది, కప్ప చర్మము పలుచన గనుక నీటిలోని విషము మొదట దానిని తాకును. ఎగువ పొలములో చల్లిన మందు దిగువ కప్పకు తగిలినదన్న, ఆ నీటినే వాడు మనుష్యులును ఆలోచింపవలెనని అర్థము. మూడవది, గ్రుడ్లు పెట్టు జంతువుల వంశమున పిల్లలను కనుట ఎట్లు ఏర్పడినదో తెలిసికొనుటకు ఇట్టి ప్రాణులే ఆధారము. అవి పోయిన పిమ్మట ఆ విద్యను ఏ గ్రంథమునుండియు నేర్వజాలము.

వీనికంటె ముఖ్యమైన సంగతి మరొకటి పిల్లలకు తెలియవలెను. కిహాన్సీలో కీడు కోరినవారెవ్వరును లేరు. ఇంజనీరులు తమ పని చక్కగా చేసిరి. శాస్త్రజ్ఞులు తమ పని చక్కగా చేసిరి. పని వరుసలో మాత్రము తేడా వచ్చినది. ముందు చూచి పిదప కట్టవలసినది, ముందు కట్టనారంభించి పిదప చూచిరి. ఒక్క నాలుగైదేండ్ల ముందు ఆ కనుమలో దిగి చూచియుండినయెడల, జలపాతమునకు ఎంత నీరు విడువవలెనో లెక్కకట్టి ఆనకట్ట నిర్మించుటకు అవకాశముండెడిది. విద్యుత్తు కొంత తగ్గెడిదేమో; ఇన్నేండ్ల ప్రయాస తప్పెడిది.

మన పిల్లలు రేపు ఇంజనీరులు, వైద్యులు, అధికారులు కావలెనని మనమందరము ఆశించుచున్నాము. రోడ్డులు, కాలువలు, భవనములు వారి చేతులమీదుగా కట్టబడవలసియున్నవి. వారు పునాది త్రవ్వుటకు ముందు ఒకసారి మోకరిల్లి, ఆ నేలలో ఏమున్నదో చూచు అలవాటును నేడే నేర్పుట మంచిది. అందులకు ఆఫ్రికాకు పోనక్కరలేదు. ఈ వానకాలమున పిల్లలను వెంటబెట్టుకొని ఊరి చెరువు గట్టునకు పొండు. గోదురుకప్ప విడిచిన జిగురుతీగలను, వానినుండి వెలువడు తోకకప్పలను చూపుడు. ఆ చిన్న ప్రాణులకు ఎంత నీరు, ఎన్ని దినములు కావలెనో పిల్లలచేతనే లెక్కపెట్టింపుడు. ఆ లెక్క వ్రాసిన నోటుపుస్తకమును బడికి తెచ్చినయెడల ఉపాధ్యాయులు సంతోషముతో చూచెదరు.